మబ్బులకు ఉప్పు పెట్టిన గుర్వయ్య

అచ్చంపేట నుంచి నల్లమల వైపు చూస్తే గుట్టల మీద ఇంకో గుట్టల వరుస కనిపిస్తుంది. తెలియనివాళ్లు వాటిని మబ్బులనుకుంటారు. అది పైలోకం. అక్కడ వాగులు ఎగువకు పారతాయి. ఒక్కో నేరేడు పండు మన గుమ్మడికాయంత ఉంటుంది. తెలంగాణ వచ్చిన రెండో ఏటి నుంచి అక్కడికి గాలిపుట్టీలు తిరుగుతున్నాయి. కృష్ణలో చేపలు పట్టే గుండ్రటి వెదురు పుట్టే అది; కాకపోతే దాని పైన పన్నెండు గొంగళ్లు కలిపి కుట్టి, చింతగింజల గంజి పట్టించిన సంచి ఉంటుంది. సంచి నిండా పిడకల పొగ. ఇంతకంటే గొప్ప విమానం ఎక్కామని చెప్పేవాళ్లను ఒక్కసారి ఇందులో ఎక్కించి, దిగాక మాట్లాడమనాలి.

ఆ పైలోకానికి పటం కట్టింది అక్షరం ముక్క రాని గొర్రెల గుర్వయ్య.

సర్వేకు వచ్చిన వెంకటేష్ సారు మొదట దిక్సూచి పట్టుకుని ఎక్కాడు. పైకి పోగానే దాని ముల్లు కల్లు తాగినట్టు గిరగిరా తిరిగింది. మూడుసార్లు బయలుదేరి మూడుసార్లూ అమ్రాబాద్ చింతతోపులోనే దిగాడు. నలభై ఏళ్లుగా ఎండాకాలం మందను అడవిలోకి తోలుకుపోయి, ఒక్క పిల్లను కూడా పోగొట్టుకోకుండా తిరిగొచ్చే మనిషి ఉన్నాడని అప్పుడెవరో చెబితే, సారే గుర్వయ్య దొడ్డి దగ్గరికి నడిచొచ్చాడు.

గుర్వయ్య పటం కాగితం కాదు, ఉన్ని దారం. వాగు దగ్గర ఒక ముడి, లోయ దగ్గర రెండు, మలుపు వస్తే మెత్తటి ఉన్ని పోయి గరుకు ఉన్ని. కళ్లు మూసుకుని వేళ్లతో తడుముకుంటూ పుట్టి నడపొచ్చు. అందరికంటే ముందు ఆ దారం చదవడం నేర్చుకున్నది ఆయన కూతురు నాగరాణి. ఆమె పుట్టి ఎక్కిన రోజున గుర్వయ్య అచ్చంపేటలో దారిన పోయే ప్రతివాణ్నీ ఆపి, మెడ నొప్పి పుట్టేదాకా ఆకాశం చూపించాడు.

అయితే రెండు గుట్టల నడుమ ఉత్త ఆకాశం ఉండే చోట గుర్తు పెట్టుకోవడానికి ఏమీ దొరకలేదు. అక్కడ గుర్వయ్య తన అలవాటు పనే చేశాడు. ఒక నల్ల మబ్బును దగ్గరికి పిలిచి, రోజూ పిడికెడు ఉప్పు నాకించి మచ్చిక చేసి, దాని వీపున జాజు ఎర్రమట్టి పూశాడు. మందలో గొర్రెకు పూసినట్టే. జాజు మబ్బు దగ్గర ఎడమకు తిరగాలని దారంలో ముడి వేశాడు. మబ్బు నడుస్తుందన్న సంగతి ఆయనకు తట్టలేదు.

ఆషాఢంలో ఒక పొద్దున నాగరాణి ఒక్కతే బయలుదేరింది. ఆ రోజు రాలేదు, మర్నాడూ రాలేదు. పొగకు తీసుకుపోయిన పిడకలు రెండు రోజులకే సరిపోతాయి. పొగ చల్లారితే పుట్టి రాయిలా పడుతుంది. మూడో రోజు సారు దుర్బిణితో చూసి, జాజు మబ్బు దాని చోట లేదని చెప్పాడు. గుర్వయ్య ఉన్నచోటే కూలబడ్డాడు.

"తప్పు నాది సారూ. మేసేదాన్ని పట్టుకొని హద్దురాయి అనుకున్న."

సద్దిమూట తెచ్చిన భార్య బీరమ్మ అంతా విన్నది. ఏడవలేదు.

"ఏమయ్యా, జాజు పూసేటప్పుడు ఉప్పు పెట్టినవా?"

"పెట్టకుంటే దగ్గరికి రానిస్తదానే అది?"

"దినాం ఒక్క జాగలనే పెట్టినవా?"

"ఆ, గుట్ట నెత్తిమీదనే."

"మరి గిట్ల కూసుంటవేంది? ఉప్పు మరిగినది యాడికి పోతది? పోయి పిలువు."

గుర్వయ్య ఉప్పు బస్తాతో ఇంకో పుట్టి ఎక్కాడు. గుట్ట మీదికి పోయి, తడి గొంగడి అంచు మీద ఉప్పు పరిచి, సాయంత్రం మందను మళ్లేసే కేక వేశాడు. మొదట పిల్ల మబ్బులు దుముక్కుంటూ వచ్చాయి. తర్వాత శ్రీశైలం వైపు నుంచి పెద్దవి ఒకదాన్నొకటి నెట్టుకుంటూ వచ్చాయి. చల్లటి నాలుకలతో ఆయన చేతులు నాకుతుంటే ఆయన వాటిని చూడనే లేదు. వాటి వీపులే చూశాడు. ఒక్కదానికీ జాజు లేదు.

అందరికంటే వెనక, చూలు గొర్రెలా బరువుగా, ఎర్ర వీపుతో ఒకటి వచ్చింది. దాని మెడకు తాడు. తాడు చివర పుట్టి. సంచి ఎప్పుడో చల్లారి గుడ్డపేలికలా వేలాడుతోంది. పుట్టిలో నాగరాణి నేరేడు పండు కోసుకుని తింటోంది.

"పిడకలు అయిపోయినయి నాయినా. నువ్వు జాజు పూసినదైతే ఇల్లు మరవదని దీన్నే కట్టుకొని కూసున్న."

గుర్వయ్య తాడు అందుకుని కూతురి పుట్టిని గుట్ట మీదికి లాగాడు. బస్తాలో మిగిలిన ఉప్పంతా ఆ మబ్బు ముందు కుమ్మరించాడు.

తర్వాత మూడు రోజులు వాన. ఆ వారం అచ్చంపేటలో ఎవరూ పులుసులో ఉప్పు వేసుకోలేదు. నమ్మనివాళ్లకు బీరమ్మ దగ్గర ఇంకా ఒక కుండెడు వాన నీళ్లున్నాయి, రుచి చూడొచ్చు.

ఇప్పుడు పుట్టీలన్నిటికీ నాగరాణే పెద్ద. పాత దారంలో జాజు మబ్బుకు వేసిన ముడిని మాత్రం ఆమె విప్పనివ్వలేదు. గుర్వయ్య మోకాళ్లు పట్టేసి పైకి పోవడం మానేశాడు. అయినా వానాకాలం తొలి మబ్బు కనబడితే తినే కంచం వదిలేసి, గుప్పిట్లో ఉప్పుతో వాకిట్లో నిలబడతాడు. ఉప్పు చేతిలోనే కరిగిపోతోందని బీరమ్మ ఎగతాళి చేస్తుంది.

"కరగనీయే," అంటాడాయన, చెయ్యి ఇంకా పైకెత్తి. "నా బిడ్డను తోలుకొచ్చి ఇచ్చింది. నేనిచ్చేది పిడికెడే గదా."