చెంపదెబ్బ తినేవాడి పేరు

మా మోయిన్‌కి ఒకటే జబ్బు. తను రాసే కామెడీలో తన్నులు తినేవాడికి ఎప్పుడూ తన పేరే పెడతాడు. టీవీలో పెళ్ళాం చేత చీపురుదెబ్బలు తినేది మోయిన్, దొంగతనానికి వెళ్ళి ఆ ఇంట్లోనే నిద్రపోయేది మోయిన్. ఒక వారం మనుషులు చాలక, తప్పిపోయిన బర్రెకి కూడా మోయిన్ అనే పెట్టాడు.

నరసరావుపేటలో నా సెల్‌ఫోన్ల షాపు పక్కిల్లే వాళ్ళది. ఆ స్కిట్ వచ్చిన మర్నాడు ఎదురింటి రామాయమ్మత్త మోయిన్ వాళ్ళమ్మని గుమ్మంలోనే ఆపింది.

“ఏమే మైమూనా, బర్రె దొరికిందా?”

“దొరికింది గానీ పాలివ్వట్లా వదినా!”

వాడికి దాచేపల్లి సంబంధం చూడ్డానికి వెళితే, పిల్ల తాత ఇమాం సాహెబ్ కళ్ళజోడు సవరించుకున్నాడు.

“టీవీలో రోజూ తన్నులు తినే మోయిన్ మీవోడేనా?”

“తినడు సాహెబ్, రాస్తాడు” అని సర్దబోయాను.

“రాసేవాడైతే తన్నేవాడికి పెట్టుకోవచ్చుగా ఆ పేరు!”

లోపల్నించి పిల్ల సాదియా నవ్వు పకపకా వినబడింది. అలా కుదిరింది పెళ్ళి.

పదేళ్ళు టీవీకి రాశాక సినిమాకి పిలుపొచ్చింది. ఊరంతా మిఠాయిలు పంచాం. ఒక మధ్యాహ్నం వాడు నా షాపులో ఉండగా డైరెక్టరు ఫోన్ చేశాడు. స్పీకర్‌లో నాకూ వినబడుతోంది.

“అంతా బాగుందయ్యా. ఆ తింగరోడి పేరు మాత్రం బాజీ అని మార్చు. పల్నాడు వాసన వస్తుంది.”

“కుదరదు సార్.”

“అయితే నీతో కుదరదు. సాయంత్రంలోగా చెప్పు.”

నాకు ఒళ్ళు మండింది. “ఒరేయ్, ఏందిరా నీ పిచ్చి? హిందువుల్లో, సాయిబుల్లో మనకి వీధికో బాజీ ఉన్నాడు. ఒక్కడన్నా పట్టించుకుంటాడా?”

“నేనూ అట్టే అనుకున్నారా” అన్నాడు మోయిన్.

పదేళ్ళ కిందటి సంగతి చెప్పాడు. వాడి మొట్టమొదటి స్కిట్‌లో పంక్చర్లు వేసే తింగరోడి పేరు బాజీ. మర్నాటి నుంచి ఊళ్ళో బాజీలందరికీ ఆ డైలాగులే స్వాగతం చెప్పాయి. మెకానిక్ బాజీ బాబాయ్ నవ్వేసి, వీడికి టీ కూడా తాగించాడు. కానీ స్కూల్లో ఏడిపిస్తున్నారని ఆయన కూతురు జెబా బడి మానేసి, గోడవైపు తిరిగి పడుకుంది. వీడు వెళ్ళి ఎన్ని జోకులు చెప్పినా ఇటు తిరగలేదట.

“ఊళ్ళో పేర్లు నా సొత్తు కాదురా. నా పేరొక్కటే నాది. దాన్ని ఎన్ని తన్నులైనా తన్నిస్తా” అంటూ డైరెక్టరుకి ఫోన్ కలిపాడు.

“సార్, పేరు మోయినే. కావాలంటే ఇంకో రెండు దెబ్బలు కలుపుతా.”

అవతల పెద్ద నవ్వు. “సరే, కలుపు!”

మొన్న మా ఊరి హాల్లో ‘మాటలు: షేక్ మోయిన్’ అని తెరమీద పడగానే, నేనే రాసినంత గర్వమేసింది నాకు. తెరమీద మోయిన్‌కి మొదటి దెబ్బ పడింది. హాలంతా గొల్లున నవ్వింది. మైమూనా పిన్ని సీట్లోంచి లేచి నిలబడింది.

“ఆ మోయిన్ మా అబ్బాయే!”

రెండో దెబ్బకి మా వెనక వరసలోంచి ఈల వినబడింది. తిరిగి చూస్తే జెబా! ఇప్పుడు బ్యాంకులో ఆఫీసరమ్మ. పక్కనే కళ్ళు తుడుచుకుంటూ నవ్వుతున్న బాజీ బాబాయ్ ముందుకు వంగి, నా పక్క సీట్లో ఉన్న మోయిన్ భుజం తట్టాడు.

“చానా బాగుందిరా అబ్బాయ్. ఇంకోటి పడాల్సింది!”