మెట్టెక్కని ముద్దాయి

పెద్దులు కోర్టుకు రాలేదట. కాగితంలో అట్లాగే రాశారు. రాసినవాడు ఒక్కసారి కిటికీలోంచి తల బయటపెట్టి చూస్తే చాలు, వేపచెట్టు కింద చెప్పులు చేతపట్టుకుని నిలబడ్డ మనిషి కనిపించేవాడు. చూడలేదు. ఎందుకు చూస్తాడు?

ఆ మాట తలుచుకుంటేనే సాలమ్మకు ఒళ్ళు మండేది. ఆ రోజు కోస్గి దగ్గరి తమ పల్లె నుంచి తాలూకా కోర్టు దాకా మొగుడి వెంట నడిచింది తనే. కొంగున కట్టుకొచ్చిన జొన్నరొట్టెను ఇద్దరూ చెరిసగం తిన్నది ఆ చెట్టు కిందే.

కేసు సంగతి వింటే కడుపు ఇంకా మండుతుంది. వెట్టి రద్దయి ఏళ్ళు గడిచినా, చుట్టాలొచ్చినప్పుడల్లా మూటలు మొయ్యడానికి పటేలు పెద్దులునే పిలిచేవాడు. 1958లో పెద్దులు మొదటిసారి రానన్నాడు. వారం తిరక్కుండానే పటేలు బావి దగ్గర మోట కొట్టే తోలు బొక్కెన పోయింది. దొంగ పెద్దులేనని కేసయింది. ఇరవై ఏళ్ళుగా ఆ బావికి బొక్కెనలు కుట్టింది పెద్దులే. తన చేత్తో కుట్టినదాన్ని తానే ఎత్తుకుపోతాడా? ఆ మాట అడిగిన నాథుడు లేడు. జామీను మీద వదిలి, వాయిదాకు రమ్మన్నారు.

వాయిదా నాడు పటేలు సాక్షిగా వచ్చి కోర్టు వరండాలో బల్ల మీద కూర్చున్నాడు. పెద్దులును చూసి, వేలితో దూరాన ఉన్న వేపచెట్టును చూపించాడు. నోరు విప్పే శ్రమ కూడా పడలేదు. పటేలు కూర్చున్న చోటికి మెట్టెక్కడం పెద్దులు తండ్రి ఎరగడు, తాత ఎరగడు. పోయి చెట్టు కింద నిలబడ్డాడు. లోపల చప్రాసి మూడుసార్లు పేరు పిలిచాడట. పక్కవాడి కునుకు చెడకుండా పిలిచి ఉంటాడు, మహానుభావుడు.

పొద్దు వాలుతుంటే పెద్దులే మెట్ల దాకా వచ్చి, "నా పేరు ఎప్పుడు పిలుస్తరు సారూ?" అని అడిగాడు. నీ జామీను రద్దయింది, వారంటు కూడా అయింది అన్నారు. పోలీసులు అక్కడికక్కడే రెక్క పట్టుకున్నారు. కోర్టుకు రానివాణ్ణి కోర్టు మెట్ల ముందే పట్టుకున్నారు, ఇంతకన్నా సిగ్గుమాలిన పని ఇంకోటి ఉంటుందా?

విత్తనాలు చల్లే మిరుగం కార్తెకు ఇంకా పన్నెండు రోజులే ఉంది. పెద్దులుకు తాతలనాటి ఎకరం మెట్ట చెలక ఒకటుంది. మూడోనాడు పటేలు సాలమ్మ గుడిసె ముందు ఆగాడు.

"బీడు వడుతది గదనే. ఈ యేడు మా అరకలు కడతం తియ్," అన్నాడు.

పటేలు నాగలి ఒకసారి దిగిన నేల మళ్ళీ మాదిగవాడకు తిరిగిరావడం ఆ ఊళ్ళో ఎవరూ చూడలేదు. సాలమ్మ దున్నిద్దామన్నా పటేలుకు భయపడి ఎవరూ ఎడ్లు కట్టరు. మిరుగంలోపల మొగుడు రావాలి, లేకపోతే చెలక పోయినట్టే. ఆ సాయంత్రమే ఆమె పాలమూరు దారి పట్టింది.

పాలమూరులో పరమేశ్వర్ అని ఒక కొత్త వకీలు ఉన్నాడు. సాలెల పిల్లవాడు, ఇంట్లో ఇంకా మగ్గం ఆడుతూనే ఉంది. సాలమ్మ చెప్పిందంతా విని, "మెట్లెక్కి లోపటికి ఎందుకు పోలేదు?" అన్నాడు.

"గా మాట నువ్వడుగుతున్నవా బిడ్డా?" అంది సాలమ్మ. "పటేలు కూసున్న కాడికి మేం ఎక్కొచ్చునా? ఎక్కితె కొడ్తరు, ఎక్కకపోతె జైల్ల ఏస్తరు. మేం యాడ నిలవడాల్నో గదన్న రాసియ్యమను మీ కోర్టును."

వకీలు కలం తీసి, ఆమె అన్న మాటనే పై కోర్టుకు పెట్టే జామీను అర్జీలో రాసుకున్నాడు.

పై కోర్టులో జడ్జి కాగితాలు తిరగేస్తుంటే, పరమేశ్వర్ వారంటు వెనక పోలీసు రాసిన రెండు వరుసలు చూపించాడు. ముద్దాయిని అదే రోజు, కోర్టు మెట్ల ముందే పట్టుకున్నామని అందులో ఉంది. జడ్జి రెండుసార్లు చదివి సర్కారు వకీలు వైపు చూశాడు.

"రాలేదని ఒక కాగితం, ఇక్కడే దొరికాడని ఇంకో కాగితం. ఏది నమ్మమంటారు?"

జడ్జి జామీను ఇచ్చాడు, ఒక షరతు కూడా పెట్టాడు. ఇకమీదట ప్రతి వాయిదాకు ముద్దాయి పొద్దుటి నుంచే కోర్టు హాలు లోపల నిలబడి ఉండాలి. బయట నిలబడితే జామీను రద్దు. ఆ షరతును సాలమ్మ వకీలు చేత రెండుసార్లు చదివించుకుంది.

మిరుగానికి రెండు రోజుల ముందు పెద్దులు ఇల్లు చేరాడు. తొలివాన పడ్డ మర్నాడే, ఎడ్లు లేకున్నా, పెద్దులు కాడి లాగి సాలమ్మ మేడి పట్టి, ఆలుమగలు చెలక దున్ని జొన్న చల్లారు.

తర్వాతి వాయిదా నాడు వరండాలో అదే బల్ల, దాని మీద అదే పటేలు. మళ్ళీ వేలు లేచింది. మొదటి మెట్టు మీద పెద్దులు కాలు ఆగిపోయింది.

"ఎక్కు. ఎక్కకపోతె మళ్ల జైలే," అంది సాలమ్మ వెనక నుంచి, పటేలుకు వినపడేట్టుగానే.

"ఏందిరో, నా ముంగట్నుంచే పోతవా?" అన్నాడు పటేలు.

పెద్దులు మొలలో నుంచి మడత కాగితం తీసి రెండు చేతులా పట్టుకుని చూపించాడు. "పోకపోతె తప్పయితది పటేలా. పెద్ద జడ్జి రాసిండు." చెప్పి, మిగతా మెట్లెక్కి, బల్లను దాటి లోపలికి పోయాడు.

కాగితంలో సాలమ్మ పేరు లేదు కదా, ఆమె వేపచెట్టు కిందే నిలబడింది. చప్రాసి పిలుపు కోసం చెవులు రిక్కించింది. ఆ పిలుపు ఈసారీ ఆమె దాకా రాలేదు. "ఉన్న, లోపట్నే ఉన్న" అన్న పెద్దులు గొంతు మాత్రం చెట్టు దాకా వినపడింది.