తాలింపు లేని పచ్చడి

కరోనా గొడవ సద్దుమణిగిన మరుసటి చలికాలంలో నన్ను ముక్త్యాల దగ్గరి ఒక సిమెంటు ఫ్యాక్టరీ గెస్ట్ హౌస్‌కి మేనేజరుగా వేశారు. రిటైర్మెంటుకు ముందు అదే నా ఆఖరి పోస్టింగు. మాది పక్కనే ఉన్న పెనుగంచిప్రోలు. సొంత మిరప చేలు పెట్టుకుని వంటలు నేర్చుకోవడానికి హైదరాబాదు వెళ్ళినవాణ్ణని మా బాబాయిలు అప్పటికీ ఎగతాళి చేస్తూనే ఉన్నారు. గెస్ట్ హౌస్ మేనేజరంటే వంటవాడు కాదని, వంటింటి నుంచి పక్కదుప్పట్ల దాకా అన్నిటికీ జవాబుదారీ అని చెప్పీ చెప్పీ నా నోరు నొప్పెట్టింది.

ఆ ఏడు ఫ్యాక్టరీలో కొత్త కిల్న్ కట్టారు. తిరుగుతూ సున్నపురాయిని కాల్చే పెద్ద కొలిమి అది. దాన్ని వెలిగించి అప్పగించడానికి లూకా అనే ఇటలీ ఇంజనీరు వచ్చి మా దగ్గర దిగాడు. వచ్చిన రోజే నన్ను పక్కకు పిలిచి తనకు ఆవాలు పడవని చెప్పాడు. పడకపోవడమంటే దద్దుర్లు, దురదలు కాదు. గొంతు వాచి ఊపిరి ఆగిపోతుందట. చొక్కా జేబులోంచి లావుపాటి పెన్నులాంటి సూది తీసి, అవసరం పడితే తొడలో ఎలా గుచ్చాలో చూపించాడు. మాకు జగ్గయ్యపేట వెళ్ళాలన్నా లారీల మధ్య నుంచే దారి. పెద్దాసుపత్రి కావాలంటే విజయవాడ పోవాలి. 

మా హెడ్ కుక్ సరస్వతమ్మ గారిది నందిగామ. పెళ్ళిళ్ళకు వండి పేరు తెచ్చుకున్న మనిషి. వంటలో చెయ్యి ఎంత చురుకో, మాటలో నోరు అంతకు రెండింతలు చురుకు. ఆ అతిథి తిండిలో ఆవ పనికిరాదని ఆవిడకు గట్టిగా చెప్పాను. ఆవకాయ గానీ, ఆవపెట్టిన కూర గానీ ఆయన బల్ల దరిదాపులకు రాలేదు. ఆయన తినేది బ్రెడ్డు, గుడ్లు, ఉడకేసిన కూరగాయలు. వాటినీ నేను దగ్గరుండి చేయించేవాణ్ణి.

కిల్న్ సవ్యంగా తిరిగింది. లూకాకి వీడ్కోలు భోజనం పెట్టాలని జనరల్ మేనేజర్ గారు ఏం కావాలని అడిగితే, లోపల కూరిన పంది మాంసం నిప్పుల మీద కాల్చి, పచ్చి ఆకుల చట్నీతో తినాలని ఉందన్నాడు. వాళ్ళింట్లో పండగ వంటట అది. జీఎం గారు గుడ్డు కూడా ముట్టని మనిషి. నావైపు తిరిగి, చూడండి, అని వెళ్ళిపోయారు. మా ఉద్యోగంలో పైవాళ్ళు చూడండి అంటే చేసి తీరాలని అర్థం.

పంది మాంసం వంటింట్లోకి వస్తే తాను గడప తొక్కనని సరస్వతమ్మ గారు తేల్చేశారు. ఆవిడతో వాదించి గెలిచినవాళ్ళు నాకు తెలిసి లేరు. అందుకని ఒప్పందం చేసుకున్నాం. మాంసం పని పెరట్లో నాది, చట్నీ లోపల ఆవిడది. చట్నీలో కొత్తిమీర, పుదీనా, వెల్లుల్లి, నిమ్మరసం, ఆలివ్ నూనె తప్ప మరేమీ వద్దని, పొయ్యి మీద పెట్టనక్కర్లేదని చెప్పి బయటికొచ్చాను.

మాంసం హైదరాబాదు నుంచి ఐసు పెట్టెలో తెప్పించాను. ఎముక లేని వెన్నుభాగాన్ని పుస్తకం తెరిచినట్టు చీల్చి, పాలకూర, జీడిపప్పు, వెల్లుల్లి, బ్రెడ్డు పొడి పరిచి, చాపలా చుట్టి నూలుదారంతో కట్టి, సరస్వతమ్మ గారు గుమ్మంలోంచి అందించిన నూనె పైన రాశాను. నైలాన్ తాడు పనికిరాదు, కరిగి మాంసానికి అంటుకుంటుంది. సగానికి కోసిన డ్రమ్ములో బొగ్గులు ఒక పక్కకే నెట్టాను. ముందు నిప్పుల మీద రంగు తెప్పించి, తర్వాత రెండో పక్కకు జరిపి మూత పెట్టాలి. పైన నల్లబడినంత మాత్రాన లోపల ఉడికినట్టు కాదు. పచ్చి మాంసపు రసమంతా లోపల కూరిన పాలకూర, బ్రెడ్డు పొడి పీల్చుకుంటాయి కాబట్టి, థర్మామీటరు ముల్లు నడిమధ్యకు గుచ్చి వేడి చూడాల్సిందే. దించాక కూడా వెంటనే కోయకూడదు. కాసేపు కప్పి ఉంచితే రసం లోపలే నిలుస్తుంది.

అలా కప్పి పెట్టి చేతులు తుడుచుకుంటూ వరండాలోకి వచ్చాను. లూకా బల్ల దగ్గర కూర్చుని ఉన్నాడు. పక్కన జీఎం గారు పెరుగన్నంతో సిద్ధంగా ఉన్నారు. సరస్వతమ్మ గారు అప్పుడే చట్నీ గిన్నె స్వయంగా తెచ్చి పెట్టి లోపలికి వెళ్ళారు. లూకా బ్రెడ్డు తుంచి అందులో ముంచబోతున్నాడు. పచ్చటి చట్నీ మీద నూనె మెరుస్తోంది. ఆ నూనెలో ఎండుమిరపకాయ తునక, చుట్టూ చిట్లిన ఆవాలు.

మర్యాద చూసుకోలేదు. గిన్నె లాక్కున్నాను. ఆయన చేతిలోని బ్రెడ్డు ముక్క తీసుకుని ఇటూ అటూ తిప్పి చూశాను. తడి తగల్లేదు. లూకా గిన్నెలోకి ఒకసారి చూసి, జేబులో సూది తడుముకున్నాడు.

వంటింట్లోకి వెళ్ళి, ఆవ వద్దని చెప్పాను కదా అని అడిగాను.

"ఆవ ఎక్కడేశానండీ? తాలింపేగా పెట్టింది," అన్నారావిడ.

అన్న మాట తన చెవిన పడగానే ముఖం పాలిపోయింది.  "తాలింపు లేకుండా పెడితే పథ్యం కూడులా ఉంటుందనుకున్నానండీ. ఇంటికొచ్చిన మనిషిని చంపేదాన్ని గదా," అన్నారు మెల్లిగా.

అప్పుడు నాకు ఇంకో భయం పట్టుకుంది. మాంసానికి నేను రాసిన నూనె గిన్నె కూడా ఆవిడ అందించిందే. అది తాలింపులో మిగిలిన నూనె కాదు కదా అని అడిగాను. కాదు, కొత్త ప్యాకెట్టు కోసి పోశానని ఖాళీ కవరు చూపించారు. 

రోలు కడిగించి, కొత్త ఆకుతో మళ్ళీ నూరించాను. ఆవిడ నూరుతున్నంతసేపూ పోపుల డబ్బా చంకలో పెట్టుకుని పక్కనే నిలబడ్డాను. బల్ల మీది పళ్ళెం, చెంచా, బ్రెడ్డు అన్నీ మార్పించాను. మాంసం ఎలాగూ ఆగాలి కనక వడ్డన ఆలస్యమైనట్టే లేదు. లూకా తింటుంటే నేను ఆయన ముఖం కాదు, గొంతు చూస్తూ కూర్చున్నాను. రెండోసారి వడ్డించమని పళ్ళెం జరిపినప్పుడు నాకెంత హాయిగా ఉందో చెప్పలేను. నా సర్వీసులో ఎన్నో మెప్పులు అందుకున్నాను, వాటిలో ఏదీ ఆ ఖాళీ పళ్ళేనికి సాటి రాదు.

సాయంత్రం జీఎం గారికి జరిగింది చెప్పాను. ఆవిణ్ణి మార్చేయమన్నారు. మన జిల్లాలో ఎవరిని తెచ్చి పెట్టినా ఇదే చేస్తారని, మార్చాల్సింది మనిషిని కాదు, అడిగే పద్ధతినని చెప్పాను. ఆయన ఆలోచించి సరేనన్నారు.

చేతికి అలవాటైపోయిన పనిని ఎవరూ పనిగా లెక్కపెట్టరు. ఫలానాది వేశారా అని అడిగితే లేదనే అంటారు, నిజాయితీగానే అంటారు. ఏం చేశారో మొదటి నుంచి చివరిదాకా చెప్పించుకోవాలి. ఆ తర్వాత రిటైరయ్యేదాకా ఏ వంట గురించైనా నేను ఇంకోలా అడగలేదు.

మొన్న జగ్గయ్యపేటలో డాక్టరు గారు, చక్కెర మానేశారా అని అడిగారు. మానేశానన్నాను. పొద్దున్నే కాఫీ తాగి మరీ వెళ్ళాను. అది ఎలా కలుపుకుంటారని ఆయన అడగలేదు. నేనైతే అడిగేవాణ్ణి.