దొడ్డు బియ్యానికి లేని దూరం

ఉషారాణికి వకీలుని నేనే. పేరు శ్యాంసుందర్, ప్రాక్టీసు కోదాడలో. ఆమెలాంటి క్లయింటు పగవాడికి కూడా వద్దు. మనం చెమటోడ్చి నిలబెట్టిన కేసును ఒక్క మాటతో తనే కూలదోసుకుంటుంది. ఆమె ఊరి పేరు మాత్రం రాయను, కేసు ఇంకా నడుస్తోంది.

భర్త గురవయ్య మిర్యాలగూడ రైస్ మిల్లులో హమాలీ. ఆమె డిగ్రీ చదివింది, ఎస్సీ మహిళల కోటాలో రేషన్ డీలరయింది. ఊరి పక్కనున్న ఎస్సీ కాలనీలో సొంతింటి ముందుగదిలోనే షాపు పెట్టుకుంది. దొడ్డు బియ్యం ఇచ్చినన్నాళ్లు ఏ గొడవా లేదు. ఊళ్లోని ఆసాములు అటు తొంగి చూసేవాళ్లే కాదు. తర్వాత సర్కారు సన్నబియ్యం మొదలుపెట్టింది. అంతే, అందరికీ నోరూరింది. కాకపోతే కార్డులో పేరున్నవాళ్లే వచ్చి వేలిముద్ర వేయాలి. అంటే కాలనీలోకి నడవాలి, కాలనీవాళ్ల వెనక లైన్లో నిలబడాలి. షాపు చాలా దూరమన్న సంగతి వాళ్లకు అప్పుడు తెలిసొచ్చింది.

ఆ దూరమేదో నేనూ నడిచి చూశాను. ఊరి బస్టాండులో సిగరెట్టు అంటించుకుని బయల్దేరితే అది సగం కాలకముందే షాపొచ్చింది.

మాజీ సర్పంచి సంపత్ ఆర్డీవో ఆఫీసులో పిటిషన్ పెట్టాడు. షాపు గ్రామం వెలుపల ఉంది, ముసలివాళ్లు నడవలేకపోతున్నారు, ఊరి మధ్యకు మార్చండి అని. ఊరి మధ్య ఖాళీ గది కూడా ఆయనే చూపించాడు. అది ఆయనదే. ఉషారాణి భయం కూడా ఆ గదే. "ఇయ్యాల నా షాపు ఆయన అర్రలకు పోతే, రేపు నా లైసెన్సు ఆయన చెప్పినోళ్ల పేరు మీదికి పోతది సార్" అంది. అందులో నాకూ అనుమానం లేదు.

విచారణలో గట్టిగానే వాదించాను. కాలనీ, ఊరు ఒకే పంచాయతీ, రికార్డుల్లో ఒకే గ్రామం. ఆర్డీవో తలూపారు. గెలిచామనుకున్నాను. అప్పుడాయన ఫైలు మూస్తూ మాటవరసకు అడిగారు.

"ఇంత పొద్దున్నే ఎట్లా వచ్చారమ్మా?"

"పొద్దుగాల్నే ఊర్లెకు పోయి, గాడ బస్సెక్కి వచ్చిన సార్."

సంపత్ వకీలు లేచి నిలబడ్డాడు. "విన్నారా సార్? ఊర్లోకి పోయిందంట! అంటే ఇల్లు ఊర్లో లేనట్టేగా!"

నాకు తల బాదుకోవాలనిపించింది. కాలనీలో పిల్లల దగ్గర్నుంచి ముసలివాళ్ల దాకా అందరూ అట్లాగే అంటారు. తాతల కాలం నుంచీ ఊరంటే అవతలిది, తమది వాడ. అట్లా అనడం ఎవరు నేర్పారో వాళ్లే ఇవాళ ఆ మాట పట్టుకుని గెలిచారు. నోరు మంచిదైతే ఊరు మంచిదవుతుందంటారు. ఆ సామెత చెప్పినవాడు వాడలో పుట్టి ఉండడు. "షాపు గ్రామం వెలుపల ఉన్నట్లు డీలరే అంగీకరించినందున" అని ఉత్తర్వులో రాశారు. సూర్యాపేటలో కలెక్టరు దగ్గర అప్పీలు వేశాం. అది తేలేదాకా షాపు సంపత్ గదిలోనే నడపాలన్నారు.

అక్కడ మొదటిరోజు లైన్లో ముందున్నది సంపత్ భార్య చంద్రకళ. మిషను ఆమె వేలు తీసుకోలేదు. మళ్లీ పెట్టింది, తీసుకోలేదు. అట్లాంటప్పుడు డీలరే వేలు పట్టుకుని ఒత్తడం అన్ని షాపుల్లోనూ ఉన్నదే.

"ఇటియ్యమ్మా, జర గట్టిగ ఒత్తాలె" అని ఉషారాణి ఆమె వేలు పట్టుకుని నొక్కింది. మిషను తీసుకుంది.

చంద్రకళ వేలు వెనక్కి లాక్కుంది. బయట నల్లా దగ్గరికి పోయి మోచేతి దాకా చేయి కడుక్కుంది. తిరిగొచ్చి దర్జాగా సంచి పట్టింది. లైన్లో ఉన్న కాలనీ ఆడవాళ్లు తలలు వంచుకున్నారు. ఉషారాణి బియ్యం పోసి, అందరికీ వినబడేలా అంది.

"చెయ్యి కడుక్కున్నవ్, మంచిగైంది. ఇంటికి పోయి బియ్యం గూడ మంచిగ కడుగు. అవి గూడ నా చేత్తోనే పోసిన."

వారంలో నోటీసొచ్చింది. లబ్ధిదారును అవమానించినందుకు లైసెన్సు ఎందుకు రద్దు చేయకూడదో చెప్పుకోవాలట. చేయి కడుక్కున్నందుకు మాత్రం ఎవరికీ ఏ నోటీసూ లేదు. అదే నాకు ఒళ్లు మండేది.

విచారణకు ముందు ఆర్డీవో ఆఫీసు పక్క హోటల్లో కూర్చోబెట్టి ఆమెకు నూరిపోశాను. "అనలేదని చెప్పు. సంపత్ వాళ్లు తప్ప ఎవరు సాక్ష్యం చెప్తారు? కాలనీవాళ్లు నోరు విప్పరు. లైసెన్సు దక్కాలంటే ఇదొక్కటే దారి."

"సరే సార్" అంది బుద్ధిగా.

ఆర్డీవో నోటీసు చదివి అడిగారు. "ఈ మాట మీరన్నారా?"

ఆమె నావైపు చూడలేదు. ఎదురుగా కాలు మీద కాలేసుకుని కూర్చున్న సంపత్ వైపు చూసింది.

"అన్న సార్. ఆమె మళ్ల కడుక్కుంటే మళ్ల అంట."