పేర్లు పడేదాకా

కువైట్‌లో ఎగైలా వెళ్లే బస్సులో నా ఫోన్‌లో కొరియా సినిమా చూసుకుంటుంటే, పక్కసీటామె తొంగి చూసింది. నాకు ఒళ్లు మండింది.

"ఈయప్ప నటించడమే కాదక్కా, రాసిందీ తీసిందీ ఈయప్పే. నేను పనిచేసే ఇంట్లో మామా కూతురు చెప్పింది," కడప యాసలో అంది. ఇక్కడ ఇళ్లలో పనిచేసేవాళ్లు యజమానురాలిని మామా అనే పిలుస్తారు.

"మూడు పనులు చేసేవాడికి ఒక్కటీ సరిగా రాదు," అన్నాను.

"వంట, పిల్లోళ్లు, ఇస్త్రీ, నేనూ అన్నీ చేస్తాండా కదక్కా."

నాకు మరింత చిరాకేసింది. కథ అయిపోగానే ఆపబోతే నా చెయ్యి పట్టుకుంది.

"పేర్లు పడనీక్కా. సరిగ్గా అప్పుడే మామా టీ తెమ్మంటాది. నేనెప్పుడూ చూళ్లే."

ఇద్దరికీ చదవడం రాని ఆ అక్షరాల్లో, ఒకే పేరును మూడుచోట్ల గుర్తుపట్టి వేలితో చూపించింది. అంతలో స్టాప్ వస్తే గబగబా దిగింది.

నీ పేరేంటమ్మా అని నేనడిగేలోపే డ్రైవరు తలుపు వేసేశాడు.