భారతి ఆంటీ చెప్పిన నవల

మొన్న చలికాలపు కోట్లు బయటికి తీస్తుంటే కలరా ఉండల వాసన గుప్పుమంది. ఆ వాసన తగిలితే నాకు ఒక బెంగాలీ నవల గుర్తుకొస్తుంది. న్యూజెర్సీ ప్లెయిన్స్‌బరోలో మా ఎదురు అపార్ట్‌మెంట్‌లో ఉండే భారతి ఆంటీ దాన్ని పట్టుచీరల మధ్య దాచుకునేవారు.

ఆవిడ పెరిగింది ఖరగ్‌పూర్ రైల్వే క్వార్టర్స్‌లో. తండ్రి శ్రీకాకుళం నుంచి వెళ్లిన ఫిట్టర్. ఇంట్లో తెలుగు, బడిలో బెంగాలీ. ఇక్కడ ఒక మందుల కంపెనీ ల్యాబ్‌లో పనిచేసి రిటైరయ్యారు. నేనప్పుడు హెచ్-4 వీసా మీద, ఉద్యోగం చేసే వీల్లేక ఇంట్లో కూర్చున్నదాన్ని. ఎదురింటికి వెళ్లాలన్నా మా ఆయనకి ఫోన్ చేసి అడిగేదాన్ని. మధ్యాహ్నాలు ఆంటీ సోఫాలో కాళ్లు ముడుచుకుని ఆ నవలను ఒక్కో వాక్యం బెంగాలీలో చదివి, వెంటనే తెలుగులో చెప్పేవారు. తనను మనిషిగా చూడని భర్తను వదిలి, ఒక జమీందారు ఇంటి కోడలు ఒంటరిగా పడవ ఎక్కుతుంది. "పడవ కదిలింది. అంతే కథ" అని ఆంటీ పుస్తకం మూసేశారు. ఆ రోజు ఇంటికొచ్చి వంట కూడా చేయలేదు నేను. నాకు బెంగాలీ రాదు, ఆ నవలకు అనువాదమూ దొరకలేదు. ఆంటీ చెప్పిందే నాకు నవల.

వర్క్ పర్మిట్ వచ్చి ఉద్యోగంలో కుదురుకున్నాక, నలుగురు స్నేహితులతో కలిసి దాన్ని ఆరు ఎపిసోడ్ల వెబ్ డ్రామాగా తీశాను. జమీందారు ఇల్లు న్యూజెర్సీ టౌన్‌హౌస్ అయింది, పడవ ఎయిర్‌పోర్ట్‌కి వెళ్లే రైలయింది. నాలుగో ఎపిసోడ్‌లో ఆ కోడలు, తాను ఇంకొకరిని కోరుకున్నానని భర్త ముఖం మీదే చెబుతుంది. ఆ మాట రాసి, కొట్టేశాను. స్క్రిప్ట్ చదువుతూ ఆంటీ సరిగ్గా అక్కడే వేలు పెట్టారు.

"ఏటమ్మాయ్, ఇదెవరు కొట్టేశారు?"

"నేనే ఆంటీ. అందరూ ఏమనుకుంటారో అని."

"ఆ పిల్లకి లేని భయం నీకెందుకు? మళ్లీ రాయి."

మళ్లీ రాశాను.

ఐదు ఎపిసోడ్లు ఆన్‌లైన్‌లో పెట్టేసరికి దుమారం రేగింది. "మన ఆడపిల్లలకి నేర్పేది ఇదేనా?" అని తెలిసినవాళ్లే మెసేజ్‌లు పెట్టారు. చివరిదాన్ని మా క్లబ్‌హౌస్‌లో వేస్తే కుర్చీలు చాలలేదు. అయిపోగానే వెనక నుంచి ఒక బెంగాలీ పెద్దాయన లేచి ఇంగ్లిష్‌లో నిలదీశారు. నవలలో ఆమె తిరిగొచ్చి భర్త కాళ్ల మీద పడుతుందట. అలాంటి క్లాసిక్‌ని మార్చే హక్కు మీకెవరిచ్చారని అడిగారు. అలాంటి ముగింపు ఉందన్న సంగతే నాకు తెలియదు.

ముందు వరుసలోంచి ఆంటీ లేచారు. ఆయనకు బెంగాలీలో జవాబు చెప్పి, మా వైపు తిరిగి అదే తెలుగులో చెప్పారు.

"ఆ పేజీలు నేనే చింపేశాను. నాకు పంతొమ్మిదేళ్లప్పుడు, మా అత్తగారు నన్నూ అలాగే కాళ్ల మీద పడమన్న రోజున. ఈ అమ్మాయికి ఆ సంగతి చెప్పనేలేదు. తప్పంటే నాది. కాకపోతే, అది తప్పని నేననుకోను."

అప్పుడు ఆ పెద్దాయన పక్కనే కూర్చున్న ఆయన భార్య చప్పట్లు మొదలుపెట్టింది. ఒక్కొక్కరే లేచి నిలబడ్డారు. ఆమె వచ్చి ఆంటీ చేతులు పట్టుకుని బెంగాలీలో ఏదో అంటే, ఇద్దరూ కళ్లల్లో నీళ్లు తిరిగేలా నవ్వుకున్నారు. పెద్దాయన కూర్చోలేదు, వెళ్లిపోనూ లేదు.

"నాకెందుకు చెప్పలేదు ఆంటీ?" అని తర్వాత అడిగాను.

"చెబితే నువ్వూ ఆమెని వెనక్కి తీసుకొచ్చేసేదానివి. అప్పట్లో నీ వాలకం అలా ఉండేది మరి!"

నిజమే.

ఆంటీ పోయి రెండేళ్లయింది. నిరుడు ఒక స్ట్రీమింగ్ సంస్థ మా డ్రామాను తీసుకోవడానికి ముందుకొచ్చింది. చివర్లో ఆమె భర్తకి ఫోన్ చేసి ఒక్క సారీ చెబితే ఫ్యామిలీ ఆడియన్స్‌కి నచ్చుతుందని మీటింగ్‌లో ఒకాయన సూచించారు. "కుదరదండీ" అన్నాను. కారణాలేమీ చెప్పలేదు. తీసింది తీసినట్టే తీసుకున్నారు. వివరణ జోడించకుండా ఆ ఒక్క మాట అనడం భారతి ఆంటీ దగ్గరే నేర్చుకున్నాను. ఆఫీసులోనూ, ఇంట్లోనూ, ఇప్పుడు నాకు ఆ మాటతో రోజూ పని పడుతూనే ఉంది.