రోమ్ నుంచి కేంబ్రిడ్జ్ దాకా వచ్చిన తిట్టు

మా వీధి చివరి ఇంటి మాస్టారు పోయిన మంగళవారం కన్నుమూశారు. కబురు వాట్సాప్ గ్రూపులో వచ్చింది. దాని కింద దండాల బొమ్మలు కొన్ని పడ్డాయి. ఆ వెంటనే ఎవరో స్నో టైర్ల గురించి అడిగారు.

గుంటూరులో ఇంగ్లీషు లెక్చరరుగా రిటైరై, భార్య పోయాక ఈ మంచు దేశపు కేంబ్రిడ్జ్‌లో ఉన్న కూతురి దగ్గరికి వచ్చారాయన. పగలంతా ఇంట్లో ఒక్కరే. గుడి అన్నదానానికి నేను కూరలు తరిగే శుక్రవారాలు మా వంటింట్లో కూర్చుని చిక్కుడు ఈనెలు తీసేవారు. ఇంటరుతో చదువు ఆగిన నాకు రోమ్ కవుల గురించి చెప్పేవారు.

"ఊరంతా పరాయివాళ్ళే, అద్దెలు మండిపోతున్నాయి అని రెండు వేల ఏళ్ళ కిందటే ఒక రోమ్ కవి తిట్టాడమ్మా. ఇంగ్లీషు కవులు ఆ తిట్టునే లండన్ కొలతలకు కుట్టించుకున్నారు."

ఇంకో రోమ్ కవి ముందు తనను చూసి తానే నవ్వుకునేవాడట. ఇంగ్లీషువాళ్ళు ఇద్దరి దగ్గరా నేర్చుకున్నారట. వెక్కిరించడం పాపం కదండీ అంటే, మనల్ని కూడా కలుపుకుంటే పాపం కాదనేవారు.

కాలేజీల కోసం మన పిల్లలు వెల్లువలా వచ్చిన రోజులవి. అన్నదానం వరుస గుడి బయటికి పెరిగింది. స్టూడెంట్లకు భోజనం ఆపేద్దామని పెద్దలు కొందరు పట్టుబట్టారు. అప్పుడే ఉగాది సభలో మాస్టారు కవిత చదివారు. బస్సులో చోటు లేదు, అద్దెకిచ్చిన బేస్‌మెంటు నిండా జనం, ఎటు విన్నా పరాయి మాటే అంటూ సాగింది. హాలంతా చప్పట్లు.

"స్టూడెంట్ల గురించి కరెక్ట్‌గా రాశారు మాస్టారూ. మీ రోమ్‌లో కూడా బేస్‌మెంట్లు ఉండేవా?" అన్నారు ముందు వరుసలోని అంకుల్ ఒకాయన.

"మేడలుండేవండీ. అవి కూలేవి, అద్దెలు మాత్రం కూలేవి కావు."

అందరూ నవ్వారు. మాస్టారు కాగితం మడిచారు.

"ఇది ఆ రోమ్ కవి తిట్టే. ఊరి పేరొక్కటే మార్చాను. ఇందులో పరాయివాళ్ళు ఆ పిల్లలే కాదు, మనమందరం. ముందు నేను."

ఆ తర్వాత ఎవరూ చప్పట్లు కొట్టలేదు.

అన్నదానం ఆపాలన్న మాట మళ్ళీ రాలేదు. మాస్టారిని మాత్రం ఏ సభకూ పిలవలేదు. కారులో ఎక్కించుకునేవాళ్ళు కూడా తగ్గి, చలిలో గుడికి నడిచి వచ్చేవారు. బాధగా ఉందా అని ఒకసారి అడిగాను.

"నవ్వే కవిని ఎంచుకుని ఉండాల్సిందమ్మా. ఇంకో నలుగురు నాతో మాట్లాడేవాళ్ళు," అన్నారు.

ఈ శనివారం వడ్డించేటప్పుడు ఆయన పేరున మనసులో దండం పెట్టుకున్నాను. వరుసలో ఉన్న పిల్లలెవరికీ ఆయన తెలియదు. ఒకమ్మాయి గ్లవ్స్ చంకలో పెట్టుకుని, "ఆంటీ, వెనక చాలామంది ఉన్నారు, నాకు కొంచెం చాలు," అంది. నిండా వడ్డించాను. మూతపడని తలుపులోంచి మంచు లోపలికి పడుతోంది. దానితోపాటే పిల్లలు ఒక్కొక్కరే వస్తున్నారు.